పాతబస్తీని ఉత్తరం నుంచి నడవాలి: చార్మినార్ హెరిటేజ్ వాక్‌లో దారి, వేళ, గైడు

చార్మినార్ చూడడానికి వచ్చేవాళ్ళు ఆటో దిగేది నేరుగా చార్మినార్ దగ్గరే. గైడు వెంట నడిచే హెరిటేజ్ వాక్‌లు కూడా చాలావరకు అక్కడే మొదలవుతాయి. చోటు గుర్తుపట్టడం తేలిక, ఎవరూ దారి తప్పరు. ఆ సౌకర్యం కోసం పోగొట్టుకునేది మాత్రం చిన్నది కాదు. చార్మినార్ నాలుగు దారులు కలిసే చోట నిలబెట్టిన కట్టడం. ఆ దారుల్లో కనీసం ఒకదాని వెంట నడిచి వస్తేనే అది అక్కడ ఎందుకుందో తెలుస్తుంది. దాని కిందే మొదలుపెడితే నాలుగు మీనార్లు కనబడతాయి, ఊరు కనబడదు.

గోల్కొండ కోట జనంతో కిక్కిరిసిపోయాక కుతుబ్‌షాహీ వంశంలో ఐదో సుల్తాను మహమ్మద్ కులీ 1591లో మూసీకి దక్షిణాన కొత్త ఊరు వేయించాడు. నక్షా బాధ్యత పీష్వా, అంటే ప్రధానమంత్రి, మీర్ మోమిన్ అస్త్రాబాదీది. నది దాటే దారి అప్పటికే ఉంది: మహమ్మద్ కులీ తండ్రి ఇబ్రహీం 1578లో కట్టించిన పురానాపూల్. గోల్కొండ నుంచి మచిలీపట్నం రేవుకు సరుకు పోయే బాట కూడా ఇటుగానే పోయేది. ఆ బాటను మరో దారి అడ్డంగా కోసిన చౌరస్తాలో చార్మినార్ లేచింది. ఊరు నాలుగు భాగాలైంది. చార్మినార్‌కు ఉత్తరాన నాలుగు కమాన్లతో పెద్ద మైదానం, పడమట రాజభవనాలు, చుట్టూ బజార్లు. ఇవాళ్టి ట్రాఫిక్‌లో కూడా ఆ గీతలు చెరిగిపోలేదు. మంచి వాక్ ఆ గీతలను పాదాలతో చదివిస్తుంది.

అందుకే మొదలుపెట్టాల్సిన చోటు మూసీ మీది వంతెన నయాపూల్. ఎంజీబీఎస్ మెట్రో స్టేషన్ నుంచి అక్కడికి పదిహేను, ఇరవై నిమిషాల నడక. నయాపూల్ నుంచి చార్మినార్ తిన్నగా దక్షిణానికి కిలోమీటరు పైచిలుకు. ఈ కిలోమీటరులో రెండు కాలాలు ఒకదాని వెనక ఒకటి వస్తాయి. మూసీ ఒడ్డు ఇరవయ్యో శతాబ్దానిది, రాతి కమాన్ల బజారు పత్తర్‌గట్టి కూడా అప్పటిదే. ఆ పత్తర్‌గట్టి వెనక దాక్కున్న బాద్‌షాహీ ఆషుర్‌ఖానా 1594 నాటిది. ఆ మైదానానికి ఉత్తరపు కమానైన మచ్లీ కమాన్ దాటితే నడిచేదంతా అసలు నక్షాలోనే.

వంతెన మీద ఆగినప్పుడు గైడు చెప్పాల్సిన తేదీ 1908 సెప్టెంబరు 28. ఆ రోజు మూసీ పొంగి ఊరిని ముంచింది, వేలమంది పోయారు. ఇప్పుడు కళ్ళెదురుగా ఉన్నవి చాలావరకు ఆ వరద వల్ల పుట్టినవే. మోక్షగుండం విశ్వేశ్వరయ్య సలహాతో ఎగువన ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టారు. 1912లో ఏర్పడిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఇరుకు గల్లీలను వెడల్పు చేసింది. ఒడ్డున ఎర్రరాయితో, గులాబీ రంగు గ్రానైటుతో హైకోర్టు లేచింది. దాని ప్రారంభం 1920 ఏప్రిల్ 20న. పాత ప్రాకారానికి ఉన్న అఫ్జల్ దర్వాజా ఈ వంతెన దగ్గరే ఉండేది, ఇప్పుడు లేదు. ప్రాకారంలోని దర్వాజాలలో మిగిలినవి పురానాపూల్, దబీర్‌పురా రెండే. లేని దర్వాజా గురించి వంతెన మీద నిలబడి ఎందుకు చెప్పాలి? గోడ ఉన్న ఊళ్ళోకి అడుగుపెడుతున్నామని తెలియకపోతే, లోపల వీధులు అంత దగ్గర దగ్గరగా ఎందుకున్నాయో అర్థం కాదు కాబట్టి.

మదీనా చౌరస్తా దాటగానే పత్తర్‌గట్టి. రెండు వైపులా ఒకే ఎత్తున రాతి కమాన్ల వరస, కింద దుకాణాలు, పైన ఇళ్ళు. ఇది వరద తరవాతి పునర్నిర్మాణంలో వచ్చింది. దుకాణాలు తెరిచాక ఈ వరస కనబడదు. వేలాడదీసిన బట్టలు, బోర్డులు, ఎండ తెరలు కమాన్లను మూసేస్తాయి. షట్టర్లు దించి ఉన్నప్పుడే దాని పొడుగు, లయ తెలుస్తాయి.

బాద్‌షాహీ ఆషుర్‌ఖానా మీద ఈ దారిలో అన్నిటికన్నా ఎక్కువ సేపు గడపాలి. చాలా వాక్‌లు దీన్ని వదిలేస్తాయి. రోడ్డు మీది నుంచి కనబడకపోవడం ఒక కారణం, చెప్పులు విడిచి లోపలికి వెళ్ళడానికి పట్టే సమయం ఇంకోటి. మొహర్రంలో పీర్లను నిలిపే స్థలం ఇది. గోడలకు 1611లో అమర్చిన రంగుల పలకలున్నాయి. ముక్కలు ముక్కలుగా కోసి పేర్చిన పసుపు, నీలం, ఆకుపచ్చ పలకలవి. ముందున్న చెక్క స్తంభాల మంటపం నిజాముల కాలంలో చేర్చింది. ఇక్కడ గైడు చూపించాల్సింది గోడ కింది భాగం. వరదలో పాడైన పలకల చోట తరవాత రంగులతో అలాంటి బొమ్మలే గీశారు. పైభాగంలో పలకల అంచులు వెలుతురుకి మెరుస్తాయి. కింద మెరుపు ఉండదు, గీత చదునుగా ఉంటుంది. ఒకసారి చూపిస్తే పిల్లలు కూడా తేడా పట్టేస్తారు. నయాపూల్ మీద చెప్పిన వరద ఇక్కడ గోడ మీద సాక్ష్యంగా దొరుకుతుంది. వాక్‌ను వంతెన దగ్గర మొదలుపెట్టమనడానికి ఇంతకన్నా గట్టి కారణం లేదు.

అక్కణ్ణుంచి మచ్లీ కమాన్. దాని కింద నుంచి చూస్తే గుల్జార్ హౌజ్, ఆ వెనక దక్షిణపు కమాన్, దాని నడుమ చార్మినార్ ఒకే వరసలో ఉంటాయి. చార్‌కమాన్‌గా పిలిచే ఈ నాలుగూ 1592 నాటివి. ఉత్తరాన మచ్లీ కమాన్, తూర్పున కాలీ కమాన్, దక్షిణాన చార్మినార్ కమాన్, పడమట షేర్-ఎ-బాతిల్ కమాన్. నాలుగింటికీ నడుమ గుల్జార్ హౌజ్ ఫౌంటెన్. ఒకప్పుడు ఇది రాజభవనాల ముందున్న మైదానం, సైనిక కవాతులు జరిగిన చోటు. ఇప్పుడు మైదానం లేదు, వెండి దుకాణాలు, ముత్యాల దుకాణాలు ఉన్నాయి. పడమటి కమాన్ రాజభవనాలకు ద్వారం. దాన్ని దాటి ఎంత దూరం పోయినా భవనం మాత్రం దొరకదు. 1687లో ఔరంగజేబు గోల్కొండను గెలిచాక కుతుబ్‌షాహీ భవనాలు నాశనమైపోయాయి. గైడు పనితనం బయటపడేది ఇలాంటి చోటే. ఉన్నదాన్ని చూపించడానికి సెల్‌ఫోన్ చాలు. లేనిది ఎక్కడుండేదో, ద్వారం ఎటు చూస్తోందో చెప్పి ఖాళీని కళ్ళకు కట్టించడానికే మనిషి కావాలి.

వేళ దగ్గర వచ్చే చిక్కు

ఈ దారి మొత్తం, గాజుల లాడ్ బజార్ మీదుగా నిజాముల చౌమహల్లా ప్యాలెస్ గేటు వరకు, రెండున్నర కిలోమీటర్లకు మించదు. ఒక్కరే నడిస్తే నలభై నిమిషాలు. పదిహేను మంది గుంపు గంటకు మూడు కిలోమీటర్లు నడిస్తే ఎక్కువే, కాబట్టి నడకకే యాభై నిమిషాలు. తొమ్మిది చోట్ల ఆగి ఒక్కో చోట ఏడు నిమిషాలు మాట్లాడితే గంటకు పైన. చార్మినార్ ఎక్కి దిగడానికి అరగంట, మక్కా మసీదుకు ఇరవై నిమిషాలు, ఇరానీ చాయ్, ఉస్మానియా బిస్కెట్లకు పావుగంట. మొత్తం మూడు గంటలు. రెండు గంటల్లో అన్నీ చూపిస్తామని ఎవరైనా అంటే ఆషుర్‌ఖానానో, చార్మినార్ మెట్లనో వదిలేస్తున్నారని అర్థం.

అసలు తలనొప్పి తెరిచే వేళలు. చార్మినార్ పైకి పంపడం తొమ్మిదిన్నర ప్రాంతంలో మొదలవుతుంది. చౌమహల్లా పది తరవాత. లాడ్ బజార్‌లో షట్టర్లన్నీ లేచేసరికి పదకొండు. కానీ పత్తర్‌గట్టి చూడడానికి, చార్‌కమాన్ దగ్గర రోడ్డు మధ్య వరసను గమనించడానికి ఏడు, ఎనిమిది మధ్య వేళే మంచిది. పొద్దున్నే వెళితే కట్టడాలు దొరుకుతాయి, బజారు దొరకదు. పదికి వెళితే బజారు దొరుకుతుంది, కట్టడాలు దాని వెనక్కి పోతాయి. అక్టోబరు నుంచి ఫిబ్రవరి దాకా దీనికి పరిష్కారం ఉంది. ఏడున్నరకు నయాపూల్ దగ్గర మొదలుపెడితే తొమ్మిదికి చార్మినార్ చేరి, చాయ్ తాగి, గేటు తెరవగానే మొదటి గుంపుతో పైకి ఎక్కవచ్చు. దిగి మసీదు చూసుకుని లాడ్ బజార్‌లోకి వచ్చేసరికి సగం దుకాణాలు తెరుస్తూ ఉంటాయి. ఏప్రిల్, మే నెలల్లో ఈ లెక్క పనికిరాదు. ఆరున్నరకు మొదలుపెట్టి తొమ్మిదికల్లా ముగించాలి, చార్మినార్ పైకి ఎక్కడం మానుకోవాలి. బజారును విడిగా ఒక సాయంత్రం చూసుకోవచ్చు.

వారాల్లో ఆదివారం ఉదయం మేలు, వాహనాలు తక్కువ. శుక్రవారం వద్దు. చౌమహల్లాకూ సాలార్‌జంగ్ మ్యూజియానికీ సెలవు, మధ్యాహ్నం జుమా నమాజుకు మక్కా మసీదు చుట్టూ వీధులు నిండిపోతాయి. మొహర్రం పదో రోజు బీబీ కా అలం ఊరేగింపు చార్మినార్ మీదుగా సాగుతుంది, గణేశ్ నిమజ్జనం రోజు శోభాయాత్ర కూడా ఇదే దారి. ఆ రెండు రోజుల్లో ఊరేగింపు చూడడానికి రావచ్చు, వాక్ కోసం కాదు. రంజాన్ నెలలో బజారు రాత్రంతా నడుస్తుంది, ఉదయం ఆలస్యంగా లేస్తుంది.

గైడు ఎలా ఉండాలి

మైకు లేకుండా పాతబస్తీ రోడ్డు మీద ఒక గొంతు పన్నెండు మందికి వినబడుతుంది. ఆపైన మూడో వరస ఏర్పడుతుంది, ఆ వరసకు హారన్లు తప్ప ఏమీ వినబడవు. ముప్పై మందిని తీసుకెళ్ళే వాక్‌లలో చెవికి పెట్టుకునే రిసీవర్లు ఇస్తారా అని ముందే అడగాలి. నడుముకు కట్టుకునే స్పీకరుతో గుంపు వరకు పని జరుగుతుంది కానీ, ఆషుర్‌ఖానాలోనూ మసీదు ఆవరణలోనూ దాన్ని వాడడం మర్యాద కాదు.

అనుభవమున్న గైడు నడుస్తూ మాట్లాడడు. ముందు చోటు చూసుకుంటాడు: నీడ ఉండాలి, దుకాణం మెట్లకు అడ్డం కాకూడదు, వెనక గోడ ఉండాలి. గోడ ఉంటే గొంతు చెదిరిపోదు. ఎండ తన కళ్ళలో పడేట్టు తాను నిలబడి, వినేవాళ్ళకు ఎండను వీపు వైపు ఉంచుతాడు. చివరి మనిషి వచ్చేవరకు నోరు విప్పడు. ఈ చివరి మనిషే వాక్‌లను పాడుచేసేది. ఫొటో కోసం ఆగినవాళ్ళు, గాజుల బేరంలో పడ్డవాళ్ళు గుంపు నుంచి తెగిపోతారు. వాళ్ళను వెతకడానికి పది నిమిషాలు పోతే చివర్లో ఒక చోటు రద్దవుతుంది. పద్నాలుగు, పదిహేను మంది దాటితే వెనక నడిచే సహాయకుడు ఒకరు ఉండి తీరాలి, లాడ్ బజార్‌లో మరీ.

గైడును తూచడానికి ఒక ప్రశ్న చాలు: చార్మినార్ ఎందుకు కట్టారు? ప్లేగు తగ్గినందుకని ఒక మాట ఉంది. ఇస్లామీ పంచాంగంలో వెయ్యో సంవత్సరం 1591 అక్టోబరులో మొదలైంది, ఆ గుర్తుగా కట్టారని చరిత్రకారులు చెప్పే మరో మాట. ఊరి నడిబొడ్డుకు గుర్తు అన్నది మూడోది. ఈ మూడూ చెప్పి, ఎవరు ఎందుకు ఏది నమ్ముతున్నారో రెండు ముక్కల్లో వివరించేవాడు మంచి గైడు. ఒక్కటే చెప్పి, ఆ వెంటనే గోల్కొండకు సొరంగం ఉందని జోడించేవాడి దగ్గర మిగతా తేదీలను కూడా కొంచెం అనుమానంతోనే వినాలి. సొరంగం కథకు రుజువు లేదు. భాగమతి కథ సంగతి వేరు. పదిహేడో శతాబ్దపు ఫ్రెంచి యాత్రికులు ఈ ఊరిని భాగ్‌నగర్ పేరుతోనే రాశారు, అయినా భాగమతి ఉందా లేదా అని చరిత్రకారుల్లో హరూన్ ఖాన్ షేర్వానీ కాలం నుంచీ వాదన నడుస్తూనే ఉంది. కథలు చెప్పొద్దని కాదు. కథను కథగా, రాతిమీది తేదీని తేదీగా చెప్పాలి.

డబ్బు విషయం మొహమాటం లేకుండా ముందే తేల్చుకోవాలి. ప్రవేశ రుసుములు గైడు ఫీజులో కలిసి ఉన్నాయా, చాయ్ ఖర్చు ఎవరిది, ముత్యాల దుకాణంలో ఆగుతారా. ఈ చివరి ప్రశ్న అన్నిటికన్నా ముఖ్యం. దుకాణం నుంచి కమీషను తీసుకునే గైడు అక్కడ నలభై నిమిషాలు గడుపుతాడు, మసీదుకు ఐదు నిమిషాలు మిగులుస్తాడు. చార్మినార్ దగ్గర వెంటపడేవాళ్ళతో బేరమాడి తిరగడం కన్నా పర్యాటక శాఖ గుర్తింపు కార్డు ఉన్నవాళ్ళను ముందుగా మాట్లాడుకోవడం మంచిది.

పై అంతస్తు, మసీదు, గాజులు

చార్మినార్ ఒక్కో పక్క ఇరవై మీటర్లు, కమాన్ల వెడల్పు పదకొండు, మీనార్ల ఎత్తు 48.7 మీటర్లు. మీనారు లోపల మెట్లు 149 అని రాసి ఉంటుంది, కానీ సందర్శకులను మొదటి అంతస్తు వరకే పంపుతారు. మెట్లు గుండ్రంగా, ఇరుకుగా ఉంటాయి, ఒక్కో మెట్టు ఎత్తు ఎక్కువ. ఎక్కేవాళ్ళూ దిగేవాళ్ళూ ఎదురైతే తప్పుకోవడానికి చోటు లేదు. అందుకే గుంపులను ఆపి ఆపి వదులుతారు, సెలవు రోజు మధ్యాహ్నం క్యూ పెరిగిపోయేది ఇందుకే. మోకాళ్ళ నొప్పి ఉన్నవాళ్ళు, చంకలో పిల్లలున్నవాళ్ళు కిందే ఉండడం మేలు. పైకి వెళ్ళినవాళ్ళు ముందు ఉత్తరం వైపు చూడాలి, నడిచొచ్చిన దారంతా కింద పరిచి ఉంటుంది. నాలుగు వైపులా కనబడే గడియారాలు 1889లో పెట్టినవి.

కట్టడం గ్రానైటు, పైన డంగు సున్నం. పువ్వులు, రేకులు, జాలీలు చాలావరకు గచ్చుతో మలిచినవి. సున్నానికి తడి, పొగ రెండూ పడవు. 2019 మే 1 రాత్రి ఒక మీనారు నుంచి గచ్చు పెచ్చు ఊడి కింద పడింది. వాహనాలను కట్టడానికి దూరంగా పెట్టే పాదచారుల పథకం ఏళ్ళ తరబడి సాగడం మీద విమర్శలు ఉన్నా, ఆ పథకం లేకపోతే ఇలా ఆగి చూడడానికి చోటే ఉండేది కాదు.

మక్కా మసీదు పునాది 1617లో మహమ్మద్ కుతుబ్‌షా కాలంలో పడింది, 1694లో ఔరంగజేబు పూర్తి చేయించాడు. మొదలుపెట్టిన వంశం ఒకటి, ముగించినవాడు ఆ వంశాన్ని కూలదోసినవాడు. మెహ్రాబ్‌కు, అంటే మక్కా దిశను చూపే గోడలోని గూటికి, వాడిన రాయిని గని నుంచి తీయడానికి ఐదేళ్ళు పట్టిందని, లాగడానికి 1400 ఎడ్లు కట్టారని ఫ్రెంచి వజ్రాల వర్తకుడు తావెర్నియె రాశాడు. ఆవరణలో కప్పు కింద వరసగా ఉన్నవి నిజాం వంశపు సమాధులు. లోపలికి పోవాలంటే తనిఖీ ఉంటుంది, పెద్ద బ్యాగులు గేటు దగ్గరే ఆపేస్తారు. మోకాళ్ళు, భుజాలు కప్పే బట్టలుండాలి. నమాజు వేళలో తీసుకెళ్ళకూడదు, నమాజు చేస్తున్నవాళ్ళను ఫొటో తీయకూడదు. చెప్పులు రెండు చోట్ల విడవాల్సి వస్తుంది కాబట్టి లేసుల బూట్లు వద్దు. పదిహేను మంది రెండుసార్లు లేసులు విప్పి కట్టుకుంటే పావుగంట పోతుంది. పది దాటాక రాతి ఆవరణ కాలుతుంది, జేబులో మేజోళ్ళు ఉంచుకుంటే హాయి.

చార్మినార్‌కు పడమటి దారి లాడ్ బజార్. గాజుల దుకాణాలు అందరూ చూస్తారు, గాజు తయారీ చూసేది కొందరే. దుకాణాల వెనక గల్లీల్లో చిన్న గదుల్లో బొగ్గుల మీద లక్కను కరిగించి, పిసికి, కడ్డీలా సాగదీసి, వంచి రింగు చేస్తారు. వెచ్చగా ఉండగానే రాళ్ళను ఒక్కొక్కటిగా చేత్తో అద్దుతారు. చల్లారితే రాయి పట్టదు, మళ్ళీ వేడి చూపించాలి. హైదరాబాద్ లక్క గాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆ గదుల్లోకి నలుగురైదుగురికి మించి పట్టరు, గైడు ముందే మాట్లాడి ఉండాలి, పనిచేసేవాళ్ళకు ఎంతో కొంత ఇవ్వడం న్యాయం. కొనాలనుకుంటే చేతి కొలత తెలుసుకుని వెళ్ళాలి. రెండు నాలుగో, రెండు ఆరో చెప్పలేక నాలుగు సెట్లు తొడిగి చూస్తే గుంపు చౌమహల్లా చేరిపోయి ఉంటుంది. లక్క గాజును ఎండలో కారు డాష్‌బోర్డు మీద వదిలేస్తే మెత్తబడి వంగుతుంది.

తెలుగులో నడిపించే వాక్‌లు తక్కువ, ఎక్కువ భాగం ఇంగ్లీషులో, హిందీలో సాగుతాయి. జిల్లాల నుంచి వచ్చే తెలుగు కుటుంబాలు అర్థమైనంత విని ఊరుకుంటాయి. ఇది వింతే. ఈ ఊరు వేయించినవాడి తండ్రి ఇబ్రహీంను తెలుగు కవులు మల్కిభరాముడని పిలుచుకున్నారు, కుతుబ్‌షాహీ ఫర్మానాలు పారశీకంతో పాటు తెలుగులోనూ వెలువడ్డాయి. బడి పిల్లల గుంపుకైతే తెలుగు గైడు కోసం పట్టుబట్టడమే సరి. పదిమంది కలిసి ముందుగా అడిగితే ఏర్పాటు చేసే నిర్వాహకులు ఉన్నారు.

చౌమహల్లాను అదే ఉదయం ముగించాలని చూడకపోవడం మంచిది. పన్నెండు ఎకరాల ఆవరణ, ఖిల్వత్ దర్బారు హాలు, అందులో పందొమ్మిది షాండ్లియర్లు, పాత కార్లు, దుస్తులు. దానికే గంటన్నర కావాలి. మూడు గంటలు నడిచినవాళ్ళ కళ్ళు అప్పటికి అలసిపోయి ఉంటాయి. గైడు పని గేటు దగ్గర ముగించి, లోపల బెంచీల నీడలో అరగంట కూర్చుని, తరవాత ఎవరికి వాళ్ళు చూసుకోవచ్చు. మరుగుదొడ్లు, తాగునీరు లోపల దొరుకుతాయి. దారి పొడుగునా వాటి కరువే, అందుకే బయల్దేరేముందు మెట్రో స్టేషన్‌లోనే ఆ పని చూసుకుని, మనిషికి లీటరు నీళ్ళు పట్టుకుని రావాలి. తిరుగు ప్రయాణానికి ఆటో కోసం లాడ్ బజార్ వైపు వెనక్కి రావద్దు. మధ్యాహ్నానికి అక్కడ ఆటో కదలదు. ఖిల్వత్ వైపు రోడ్డు మీదే ఎక్కితే త్వరగా బయటపడవచ్చు.